రత్నం గారికి నాట్లు రావు

విస్సన్నపేట నుంచి తిరువూరు వచ్చే బస్సులో కిటికీ పక్క సీటు దొరికితే నేను అద్దం మూయను. జల్లు కొడుతున్నా మూయను. పక్కవాళ్ళు విసుక్కుంటారు, ఒక కండక్టరు గట్టిగానే అన్నాడు కూడా. అననీ. ఆషాఢం వెళ్ళి శ్రావణం వచ్చే రోజుల్లో ఆ దారిలో ఒకచోట చెరువు కింద మడులు వస్తాయి. జీలుగ చల్లి, అది నడుమెత్తు పెరిగాక బురదలో తొక్కించి, నీళ్ళు కట్టి వదిలేసిన మడులు. ఆ పచ్చిరొట్ట మగ్గి కుళ్ళే వాసన ఒక్కసారిగా బస్సులోకి గుప్పుమంటుంది. తెలియనివాళ్ళు ముక్కు మూసుకుంటారు. నేను గుండెల నిండా పీలుస్తాను. డెబ్బై దాటిన మనిషికి ఇదేం పిచ్చి అని మా ఇంట్లో నవ్వుకుంటారు గానీ, ఆ వాసన తగిలిందంటే నాకు మళ్ళీ ఇరవై రెండేళ్ళు. మోకాళ్ళ దాకా బురదలో నిలబడి ఉంటాను. నా పక్కన పంచె ఎగగట్టుకుని, కళ్ళజోడు జారిపోకుండా దారంతో తలకు కట్టుకుని రత్నం గారు ఉంటారు.

ఆయన్ను మీరెవరూ ఎరగరు. ఎరిగే వీలూ లేదు. ఆయన పేరుతో ఒక వీధి లేదు, ఒక శిలాఫలకం లేదు. పూర్తి పేరు యేసురత్నం. ఆంధ్ర రాష్ట్రం ఏర్పడ్డ కొత్తలో తిరువూరులో డెవలప్‌మెంట్ బ్లాకు తెరిచినప్పుడు వ్యవసాయ విస్తరణాధికారిగా వచ్చారు. ఉద్యోగం పేరు బారెడు, మనిషి మాత్రం బక్కపలచన. నలభై దాటిన వయసు, నెమ్మదైన మాట, పాత సైకిలు, దాని హ్యాండిలుకు ఒక కాన్వాసు సంచి. ఆయన కింద మేం పది మందిమి గ్రామసేవకులం. ఒక్కొక్కరికి పది ఊళ్ళు. శనివారం శనివారం బ్లాకు ఆఫీసులో కూర్చోబెట్టి వారం పని అడిగేవారు. మిగతా శాఖల అధికారులు ఎన్ని ఎరువు గుంటలు తవ్వించావు, ఎన్ని కోళ్ళు పంచావు అని అడిగేవారు. రత్నం గారు అవీ అడిగేవారు, కాదనను. కానీ ముందుగా ఒక వింత ప్రశ్న వేసేవారు. "ఈ వారం నీకెవరు ఏం చెప్పారయ్యా?" అని. మేం ఎవరికేం చెప్పామని కాదు, మాకెవరు ఏం చెప్పారని. చెప్పినవాళ్ళ పేరు డైరీలో రాసి ఉండాలి. ఒక రైతు చెప్పాడండీ అంటే ఒప్పుకునేవారు కాదు, ఆ రైతుకు పేరు లేదా అనేవారు. మేం బయటికొచ్చి టీకొట్టు దగ్గర ఆయన్ను అనుకరించి నవ్వుకునేవాళ్ళం. అందరికంటే బాగా అనుకరించేవాణ్ణి నేనే, సిగ్గు లేకుండా చెబుతున్నాను.

నా సంగతి కూడా చెప్పాలి. మాది తిరువూరులో కిరాణా కొట్టు మీద బతికిన కుటుంబం. వడ్లు మా ఇంటికి బస్తాల్లో వచ్చేవి తప్ప, అవి మొక్కకు కాస్తాయని పుస్తకంలో చదివి తెలుసుకున్న బాపతు నేను. మా నాన్న కొట్టులో కూర్చోమన్నాడు. నేను గవర్నమెంటు ఉద్యోగమే కావాలని పట్టుబట్టి ట్రైనింగుకు పోయాను. అక్కడ ఏం నేర్పినా ఇట్టే పట్టేసేవాణ్ణి, చేతిరాత బాగుంటుంది, గొంతు ఖంగుమంటుంది. ఇంకేం కావాలి? సైకిలెక్కి ఊళ్ళలోకి పోతుంటే తాతల నాటి సేద్యమంతా నా రాకకోసమే ఎదురుచూస్తోందని అనుకునేవాణ్ణి. చెప్పేవాడికి వినేవాడు లోకువ అంటారే, ఆ సామెత నన్ను చూసే పుట్టి ఉంటుంది.

ఆ రోజుల్లో పైనుంచి కింది దాకా ఒకటే పాట, జపాను పద్ధతి. వరిని గుప్పెళ్ళు గుప్పెళ్ళుగా కాకుండా కుదురుకు రెండు మూడు మొక్కలు పెట్టడం, చిందరవందరగా కాకుండా తాడు కట్టి వరసల్లో పది అంగుళాల ఎడంతో నాటడం. విత్తనాన్ని ఉప్పునీళ్ళలో వేసి తేలిన తాలు తీసేయడం, ఎత్తుమడి మీద పలచగా నారు పోయడం. పెద్దాఫీసుల్లో మొదలైన ఆ మాట మెట్టు మెట్టు దిగి బ్లాకు దాకా వచ్చేది, బ్లాకు నుంచి నాకు, నా నుంచి రైతుకు. రైతు దగ్గరికి చేరిందంటే అడుక్కి చేరినట్టేనని మా లెక్క. రంగుల బొమ్మల పటం ఒకటి ఇచ్చారు. దాన్ని ఊరి చావడిలో గోడకు తగిలించి, బెత్తంతో చూపిస్తూ నేను చెబుతుంటే మోతుబరులు చెవులప్పగించి వినేవారు. విని, తలూపి, లేచి దులుపుకుని పోయేవారు. ఉప్పునీళ్ళలో విత్తనాలు కడిగితే అన్నంలో ఉప్పు వేసుకోనక్కర్లేదేమో అని ఒక పెద్దాయన అంటే చావడంతా నవ్వింది. ఎకరం కాదు కదా, గట్టు పక్క సెంటు భూమి కూడా ఎవరూ ఇవ్వలేదు.

ఇచ్చినవాడు నరసయ్య. ఊరి పేరు రాయను, ఆయన మనవలు అక్కడే ఉన్నారు. తిరువూరుకు నాలుగు మైళ్ళు. చెరువు కింద ఎకరంన్నర ఆయన మొత్తం ఆస్తి. భార్య, ముగ్గురు పిల్లలు, ముసలి తల్లి. ఆ ఎకరంన్నర మీద వచ్చిన గింజే ఏడాది పొడుగునా వాళ్ళ తిండి. పెద్ద రైతులు కాదన్న పనికి అంత చిన్న రైతు ఎందుకు ఒప్పుకున్నాడో అప్పట్లో నేను ఆలోచించలేదు. నా వాగ్ధాటి అనుకున్నాను. అసలు సంగతి వేరు. విత్తనం నాలుగో వంతు చాలు అని నేనన్న ముక్క ఆయనకు అతికింది. వేసవి చివర గాదె అడుగంటిన ఇల్లు అది. నాలుగో వంతు నారు పోసి, మిగిలిన విత్తన వడ్లు దంచుకుని తిన్నారు. నేను ఎదురుగా ఉండగానే ఆయన భార్య ఒకటికి రెండుసార్లు అడిగింది, నిజంగా చాలుతుందా బాబూ అని. చాలుతుందమ్మా, నాది పూచీ అన్నాను. పూచీ అనే మాట అంత సులువుగా అనేశాను.

నారు బాగా వచ్చింది. నాటేరోజుకు నరసయ్య, ఆయన బావమరిది కలిసి నారుమడి మొత్తం పీకి, కట్టలు కట్టి నీళ్ళ బోదెలో నిలబెట్టారు. నాటడానికి శౌరమ్మ ముఠా వచ్చింది. మా వైపు నారు పీకడం, మోయడం మగవాళ్ళ పని, నాటడం ఆడవాళ్ళ పని. మగవాడు వంగి నాటితే నవ్వుతారు. శౌరమ్మ యాభై ఏళ్ళ మనిషి, క్రైస్తవుల పేటలో ఉంటుంది. ఆమె వెనక పన్నెండు మంది ఆడవాళ్ళు. ఎకరానికి ఇంత అని గుత్తకు ఒప్పుకుని, పాటెత్తుకుని మడిలో దిగారంటే పొద్దు వాలేలోగా ఎకరంన్నర పచ్చబడాల్సిందే. ఆమె నాట్ల రోజులన్నీ ముందుగానే మాటిచ్చుకుని ఉంటాయి. ఒక్కరోజు అటూ ఇటూ అయితే పది మంది రైతుల అదును తప్పుతుంది.

ఆ రోజు నేను గట్టు మీద చెప్పులతో నిలబడి, అటో మనిషిని ఇటో మనిషిని పెట్టి గుడ్డపీలికలు ముడేసిన తాడు పట్టించాను. ఒక్కో పీలిక దగ్గర ఒక్కో కుదురు పెట్టాలి. వరస పూర్తయ్యాక అందరూ లేచి నిలబడాలి, తాడు పది అంగుళాలు వెనక్కి జరగాలి, మళ్ళీ వంగాలి. పటంలో చూడ్డానికి ముచ్చటగా ఉంటుంది. మడిలో మాత్రం పాట ఆగిపోయింది. వంగడం, లేవడం, నిలబడటం, వంగడం. మధ్యాహ్నానికి నాలుగో వంతు కూడా కాలేదు. శౌరమ్మ మర్యాదగానే చెప్పింది, తాడు జరిగేదాకా నిలబడే పొద్దంతా మా కూలిలో పోతోంది బాబూ, నడుములు పడిపోతున్నాయి, రేపటికి ఇంకొకరికి మాటిచ్చాం అని. నేను వినలేదు. చెప్పింది చెయ్యడమే మీ పని అన్నాను. అక్కడితో ఆగినా బాగుండేది. చివరి రెండు వరసలు వంకరపోయాయి. కొలకర్ర పుచ్చుకుని మడిలోకి వంగి, ఆ వరసలు గబగబా పీకి గట్టు మీదికి విసిరేశాను.

వాళ్ళలో చేత్తో పెట్టిన మొక్కను ఇంకొకరు పీకడం ఎంత పెద్ద మాటో నాకు తెలియదు. పుస్తకంలో లేదు. నాటిన చెయ్యిని నరికినంత. ఎవరూ కేకలు వెయ్యలేదు. శౌరమ్మ నడుం నిటారు చేసి నావైపు ఒకసారి చూసి, బోదె దగ్గరికి పోయి చేతులు కడుక్కుంది. వెనకే ఒక్కొక్కరే వచ్చి చేతులు కడుక్కున్నారు. గట్టు మీద పెట్టిన గిన్నెలు తీసుకుని వరసగా వెళ్ళిపోయారు. ఆ వరస మాత్రం చక్కగా ఉంది.

నరసయ్య నన్ను తిట్టలేదు. తిట్టి ఉంటే తేలిగ్గా ఉండేది. గట్టు మీద కూలబడి నారు కట్టల వైపు చూస్తూ, "విత్తనాలు కూడా తినేశాం బాబూ," అన్నాడు. అప్పుడు నాకు అర్థమైంది ఏం చేశానో. పీకిన నారు రెండు రోజులు దాటితే కుళ్ళిపోతుంది. వేరే ముఠా దొరకదు, అందరి మడులూ నాట్ల మీదే ఉన్నాయి. పాత పద్ధతిలో గుప్పెళ్ళేసి గుచ్చుదామంటే ఆ కాస్త నారు ఎకరంన్నరలో ఒక మూలకు కూడా చాలదు. మళ్ళీ నారు పోద్దామంటే గింజ లేదు. ఆ ఇంటి ఏడాది తిండి బోదెలో కట్టలు కట్టి ఉంది, దానికి పూచీ నాది. కుడితిలో పడ్డ ఎలుకలా కాసేపు అటూ ఇటూ కొట్టుకుని, సైకిలెక్కి తిరువూరు పోయాను.

రత్నం గారు ఆఫీసు వరండాలో విత్తనాల పొట్లాలు కడుతున్నారు. జరిగింది చెప్పాను. నన్ను కాపాడుకుంటూ చెప్పాను, ఆడవాళ్ళు మొండికేశారన్నట్టు. ఆయన పొట్లం కట్టడం ఆపకుండా విని, మొక్కలు పీకింది ఎవరు అని మాత్రం అడిగారు. నేనే అన్నాను. పొట్లం పక్కన పెట్టి సైకిలు తీశారు. పొద్దు ఇంకా చాలా ఉంది. పొలానికి వెళ్తారనుకున్నాను. పేట దగ్గర సైకిలు దిగి నడిపించుకుంటూ శౌరమ్మ ఇంటికి తీసుకెళ్ళారు.

నేను అంతకుముందు ఏడాదిన్నరగా ఆ ఊరికి వస్తున్నాను. పేటలోకి అదే మొదటిసారి అడుగుపెట్టడం. నా పది ఊళ్ళలో ఏ ఊళ్ళోనూ పేట గడప తొక్కలేదు. శౌరమ్మ నులకమంచం వాల్చింది గానీ మొహం ముడుచుకునే ఉంది. ఆమె కోడలు రెండు చెంబులతో మంచినీళ్ళు తెచ్చింది. రత్నం గారు తీసుకుని తాగారు. నా చేతిలో చెంబు ఉంది. మా ఇంట్లో పుట్టి పెరిగినవాడికి ఆ చెంబు ఎంత బరువో ఆ కాలంవాళ్ళకు తెలుస్తుంది. తాగుతానా లేదా అని రత్నం గారు నావైపు చూడలేదు. చూసి ఉంటే ఆయన కోసం తాగేవాణ్ణి. చూడలేదు కాబట్టి నా అంతట నేనే తాగాల్సి వచ్చింది. తాగాను. ఎండన పడి వచ్చినవాణ్ణి, చల్లగా ఉన్నాయి.

"అక్కా, మావాడు నువ్వు పెట్టిన మొక్క పీకాడట," అన్నారు రత్నం గారు. అని ఊరుకున్నారు. మిగతాది నేను చెప్పాలని తెలుస్తూనే ఉంది. ఆయన తొందరపెట్టలేదు, శౌరమ్మా తొందరపెట్టలేదు. చుట్టూ చేరిన ఆడవాళ్ళు కూడా చూస్తూ నిలబడ్డారు. ఎంతసేపటికో తప్పయిందమ్మా అన్నాను. గొంతు ఖంగుమనలేదు ఈసారి. శౌరమ్మ నన్ను చూసి, "ఊరికే తప్పయిందంటే ఎట్టా బాబూ? రేపు నువ్వూ దిగు," అంది. నేను నోరు తెరిచేలోగా రత్నం గారు అందుకున్నారు. వీడొక్కడే కాదు, నేనూ దిగుతాను, నాకు నాట్లు రావు, నేర్పాలి అన్నారు. పంచెకట్టు ఆఫీసరు మడిలో వంగుతాననేసరికి ఆడవాళ్ళు పైట నోటికి అడ్డం పెట్టుకుని నవ్వారు. శౌరమ్మ నవ్వలేదు గానీ మొహం కాస్త విప్పారింది. మర్నాటికి మాటిచ్చిన రైతు దగ్గరికి తనే వెళ్ళి రెండు రోజులు గడువు అడిగి వస్తానంది. నరసయ్య ఇంటి పరిస్థితి తనకు తెలియంది కాదంది. ఈసారి గుత్త కాదు, రోజు కూలి అని అక్కడే అనుకున్నారు. గుత్త కంటే ఎక్కువయ్యే కూలికి బదులు నరసయ్య తన బావమరిది బండితో వాళ్ళకు పొయ్యిపుల్లలు తోలిపెట్టాలి. నోరు మంచిదైతే ఊరు మంచిదవుతుందని మా అమ్మ అంటుంటే సరుకులు అమ్ముకోవడానికి చెప్పే మాట అనుకునేవాణ్ణి.

పొద్దున్నే దిగాం. బురద చల్లగా కాలి వేళ్ళ మధ్యకు ఎక్కింది. జీలుగ కుళ్ళిన వాసన గట్టు మీద నిలబడితే ఒకలా ఉంటుంది, వంగితే మొహానికి కొడుతుంది. పావుగంటకే నా నడుం నాది కాకుండా పోయింది. నాకంటే రత్నం గారు అధ్వాన్నం. ఆయన పెట్టిన మొక్కలు పెట్టినట్టే నీళ్ళ మీదికి తేలి వచ్చేవి. కుర్ర పిల్లలు అవి ఏరి మళ్ళీ ఆయన చేతికే ఇచ్చి ఇరగబడి నవ్వుతుంటే ఆయనా నవ్వేవారు. శౌరమ్మ చూడలేక వచ్చి ఆయన మణికట్టు పట్టుకుంది. బొటనవేలు, రెండు వేళ్ళు కలిపి మొక్క మొదలు ఇలా పట్టాలి, వేరు పైకి మడవకూడదు, లోతుకు పొడవకూడదు, పెట్టి వేలు తీసేటప్పుడు బురద దానంతట అదే మూసుకోవాలి అని చంటిపిల్లాడికి అక్షరాలు దిద్దించినట్టు దిద్దించింది. ఆయన ప్రతి ముక్కా రెండుసార్లు అడిగి చెప్పించుకున్నారు. అరగంటకు ఆయన మొక్క నిలబడితే ముఠా అంతా కేరింతలు కొట్టింది. అప్పటికి నిన్నటి ముభావం ఎటు పోయిందో పోయింది.

అప్పుడు అడిగారు, నడుం మీద చెయ్యి వేసుకుని, మామూలుగా. "అక్కా, ఈ తాడుతో మీకు పొద్దంతా పోతోంది. వరస తప్పకూడదు, తాడు జరపకూడదు. నువ్వయితే ఎట్టా చేస్తావు?"

శౌరమ్మ చేతిలో నారు అలాగే పట్టుకుని మడి ఈ చివర నుంచి ఆ చివరికి చూసింది. వంగి, బురద మీద కుడి చెయ్యి చాపి పరిచింది. బొటనవేలి దగ్గర ఒక మొక్క, చిటికెన వేలి దగ్గర ఒక మొక్క.

"మిరపనారు మూరకొకటి పెడతాం. అప్పుడు తాడెవరు పట్టారు?" అంది. "ఇక్కడ జానెడు. మడికి అటొక తాడు, ఇటొక తాడు బిగించి వదిలెయ్యండి, మళ్ళీ ముట్టుకోవద్దు. చివర మనిషి తాడు చూసుకుంటది, పక్కది ఆ మనిషిని చూసుకుంటది. మేం వెనక్కి నడుచుకుంటా పోతాం. లేవక్కర్లేదు."

నేనున్నానుగా, కొలకర్ర తెచ్చి ఆమె జాన కొలిచాను. తొమ్మిది అంగుళాలు. సార్, ఒక అంగుళం తక్కువొస్తోందండి, పటంలో పది అని ఉంది అన్నాను. రత్నం గారు నావైపు చూసి, "ఆ అంగుళం గవర్నమెంటుకు వదిలెయ్యి విశ్వనాథం," అన్నారు. ఆ మాటకు శౌరమ్మ కూడా నవ్వింది. రెండు తాళ్ళు రెండు వైపులా బిగించాం. కాసేపు తడబడ్డారు, తర్వాత కుదిరింది, ఆ తర్వాత ఎవరో సన్నగా రాగం తీశారు. పాట అందుకోగానే చేతులు వాటంతట అవే జాన కొలుచుకోవడం మొదలుపెట్టాయి. మర్నాడు మధ్యాహ్నానికి ఎకరంన్నరా పూర్తయింది. చివరి కట్ట విప్పి చూస్తే నారు మొదళ్ళు అప్పుడే మెత్తబడుతున్నాయి. నరసయ్య భార్య మజ్జిగ తెచ్చింది. నాకు లోటా అందిస్తూ కూడా మడి వైపే చూస్తోంది. అంత పలచగా ఉందది.

నిజంగానే పలచగా ఉంది. మూడు వారాలు ఊరంతా నరసయ్యను ఆడుకుంది. బట్టతలకు దువ్వెన వేస్తున్నాడన్నారు, కొంగలు వాలడానికి వరసలు వేశాడన్నారు. నాకు నిద్ర పట్టేది కాదు. పొద్దున్నే నాలుగు మైళ్ళు తొక్కుకుంటూ పోయి ఆ మడి గట్టు మీద నిలబడేవాణ్ణి. నాలుగో వారంలో కుదుళ్ళు పిలకలు వేయడం మొదలైంది. ఒక్కోటీ విచ్చుకుని పక్క కుదురును తాకింది. కోతలయ్యాక నరసయ్య ఇంట్లో గాదె నిండింది. పటంలో గొప్పగా చూపించినంత కాదు గానీ ఎప్పుడూ వచ్చేదానికంటే బాగా ఎక్కువే. ఆ ఏడాది వాళ్ళు విత్తనాలు తినాల్సిన అవసరం రాలేదు. దానికంటే నాకు చెప్పుకోదగ్గ సంగతి ఇంకోటి లేదు.

కోతకు ముందు బ్లాకు నుంచి జీపులో పెద్ద ఆఫీసర్లు వచ్చి మడి చూశారు. రైతులను పిలిచి సభ చేశారు. పద్ధతి వివరించమంటే రత్నం గారు నన్ను పిలవలేదు, తనూ చెప్పలేదు. శౌరమ్మను పిలిచి మడిలో నిలబెట్టారు. ఆమె సిగ్గుపడుతూనే జాన పరిచి చూపించింది. ఇద్దరు ముగ్గురు పెద్దమనుషులు కండువాలు దులుపుకుని లేచి పోయారు. ఆయన పోనిచ్చారు. రిపోర్టులో కూడా ఆమె పేరు, చెప్పిన ఉపాయం రాసి పైకి పంపారు. పైనుంచి జవాబేమీ రాలేదు. మరుసటి ఏడు చుట్టుపక్కల నాలుగు ఊళ్ళ రైతులు వరస నాట్లు వేయించుకున్నారు. మమ్మల్నెవరూ పిలవలేదు, శౌరమ్మ ముఠాను పిలుచుకున్నారు. నాకు చిన్నతనమనిపించి శనివారం మీటింగులో ఆ మాటే అన్నాను. "మనల్ని పిలవకుండా పని జరిగిందంటే మన పని అయినట్టేనయ్యా," అన్నారు రత్నం గారు. ఆ రోజు నుంచి టీకొట్టు దగ్గర ఆయన్ను అనుకరించడం మానేశాను. కొత్త పద్ధతి ఏది వచ్చినా ఇందులో నడుం వంచేది ఎవరు అని ముందు చూసుకుని, వాళ్ళ దగ్గరికి ముందు పోవడం అలవాటు చేసుకున్నాను. పైనుంచి దిగే మెట్లలో రైతు ఆఖరి మెట్టు కాదని, దాని కింద బురదలో ఇంకో మెట్టు ఉందని ఆయన ఎక్కడా ఉపన్యాసం ఇవ్వలేదు. అక్కడికి తీసుకెళ్ళి నిలబెట్టారు, అంతే.

తర్వాత ఆయనకు బదిలీ అయింది, నాకూ అయింది. చాలా ఏళ్ళకు నేను కూడా ఆయన కూర్చున్నటువంటి కుర్చీలో కూర్చున్నాక, ఆయన రిటైరై విస్సన్నపేటలో ఉంటున్నారని విని చూడబోయాను. ఇంటి ముందు నాలుగు మిరప మొక్కలు పెంచుకుంటున్నారు. నడుం బాగా వంగిపోయింది. నన్ను గుర్తుపట్టి, అంగుళం విశ్వనాథం కదూ అన్నారు. మాటల్లో నరసయ్య మడి వచ్చింది. మీరు పెట్టిన మొక్కలు నీళ్ళ మీద తేలుతుంటే ఎంత నవ్వామండీ అన్నాను.

ఆయన మిరప మొక్కల వైపు చూస్తూ నెమ్మదిగా చెప్పారు. వాళ్ళమ్మ నాట్ల కూలీ. తండ్రి లేడు. ఏడేళ్ళప్పటి నుంచి స్కూలు లేని రోజుల్లో అమ్మ పక్కన వంగి నాటేవారట, మగపిల్లాడు నాట్లేస్తున్నాడని నవ్వినా వినకుండా. పదహారేళ్ళు వచ్చేసరికి అమ్మకంటే వేగంగా నాటేవారట.

మరి ఆ రోజు నాట్లు రావని ఎందుకన్నారు, శౌరమ్మ అంతసేపు చెయ్యి పట్టుకుని నేర్పిందే అన్నాను.

"వచ్చని చెబితే ఆవిడ నేర్పదుగా," అన్నారు. "జాన సంగతి కూడా నాకు తెలుసు విశ్వనాథం. మా అమ్మ మిరపనారు మూర కొలిచే పెట్టేది, మూర తెలిసిన చేతికి జానొక లెక్కా? కానీ నేను చెబితే అది గవర్నమెంటు మాట అయ్యేది. నీ తాడుకు పట్టిన గతే పట్టేది."

ఆమె చెప్పకపోతే నరసయ్య నారు ఏమయ్యేదండీ అని అడిగాను. నాకు ఆ క్షణాన కొంచెం కోపం కూడా వచ్చింది, దాచుకోను.

"మధ్యాహ్నం దాకా చూసి నేనే చెప్పేవాణ్ణి. వాళ్ళ తిండితో నాకు పంతాలేంటి?" అన్నారు. ఆగి, కళ్ళజోడు తీసి పంచెతో తుడుచుకున్నారు. "ఒక్కటి మాత్రం నాకు నిజంగా తెలియదయ్యా. అటొక తాడు, ఇటొక తాడు కట్టి వదిలెయ్యమనడం. నాకు అన్నీ వచ్చని చెప్పి ఉంటే అది ఆవిడ నోట్లోనే ఉండిపోయేది."

ఆయన పోయి చాలా ఏళ్ళయింది. శౌరమ్మా లేదు, నరసయ్యా లేడు. మొన్న శ్రావణంలో అదే బస్సులో వస్తుంటే చెరువు కింద ఆడకూలీలు ఎక్కారు. కాళ్ళకు బురద ఆరలేదు. నా పక్క సీటులో ముప్పై ఏళ్ళ మనిషి కూర్చుంది. జీలుగ వాసన ఇంకా కిటికీలోంచి వస్తోంది. జీలుగ తొక్కించాక ఎన్నాళ్ళకు నాటాలో ముప్పై ఏళ్ళు ఊరూరా చెప్పిన నోరు నాది. చెప్పడానికి నాలుక దురద పెట్టింది కూడా. ఓర్చుకుని, అది కుళ్ళిందని ఎట్టా తెలుస్తుందమ్మా అని అడిగాను.

టౌను తాతగారికి తెలియదు పాపం అనుకుని ఓపిగ్గా చెప్పింది. "రోజులతో తెలవదు తాతగారూ. మడిలో దిగి మడమతో తొక్కాలి. కాడ పుటుక్కున విరిగితే ఇంకా కాలేదని. విరక్కుండా కాలికింద జారిపోతే నాటుకోవచ్చు."

నేను జీవితమంతా రోజులు లెక్కపెట్టి చెప్పాను. మడమ సంగతి నాకెవరూ చెప్పలేదు, నేనెవరినీ అడగలేదు. తిరువూరు వచ్చింది, అందరూ లేస్తున్నారు. నీ పేరేంటమ్మా అని అడిగాను. పేరెందుకండీ అని నవ్వుతూనే చెప్పింది, కుమారి అని. ఇంటికొచ్చి కాళ్ళు కూడా కడుక్కోకుండా డైరీ తీసి, ఆ వారానికి ఎదురుగా ఆమె చెప్పింది రాసి, కింద ఆమె పేరు రాసుకున్నాను.